నీలాలకోన మీద కూలిన చుక్క

మరాళదేశంలోకి దిగే కనుమ మలుపులో ఒక సానపట్టేవాడు ఆగి నిలబడ్డాడు. భుజాన సానచక్రం, నడుముకు నూనెబుడ్డి, తలకు మాసిన పాగా, గడ్డం నిండా ఇనుపరజను. దారిన పోయేవాళ్ళు రెండోసారి తిరిగి చూడని వేషం అది. ఆ వేషం వెనక ఉన్నవాడు వజ్రశృంగ రాజ్యపు యంత్రాచార్యుడు సారంగుడు. నిప్పూ మందుగుండూ లేకుండా ఆకాశంలోకి చుక్కను విసిరినవాడు.

అతని కాళ్ళకింద నీలాలకోన పరుచుకుని ఉంది.

ఆ లోయ అందం గురించి బాటసారులు దేశదేశాల్లో చెప్పుకునేవారు. కొండల ఒడిలో నీలపు పళ్ళెంలాంటి సరస్సు. దాని అంచున వరుసగా మోకరిల్లిన ఏనుగుల్లాంటి రాతి ఆనకట్ట. తూముల్లోంచి వెండిజడల్లా జారే కాలువలు, కాలువల గట్లన మొగలిపొదలు, పొదల మాటున ఎర్రపెంకుల ఇళ్ళు, ఇంటింటి ముంగిటా ఒక పడవ. పెళ్ళికూతుర్ని పడవలోనే అత్తవారింటికి సాగనంపేవారట. సాయంత్రమయ్యేసరికి పడవపాటలు కొండలకు తగిలి తిరిగొచ్చేవట.

ఇప్పుడు ఆ ఏనుగుల వరుస నడుమ పెద్ద గండి నోరు తెరుచుకుని ఉంది. సరస్సు లేదు. పగుళ్ళిచ్చిన బురద ఎండకు మెరుస్తోంది. పడవలు చెట్ల కొమ్మల్లో వేలాడుతున్నాయి. ఎర్రపెంకులు లోయ పొడవునా, ఎవరో పిడికిళ్ళతో చల్లినట్టు చెదిరి ఉన్నాయి.

సారంగుడు పాగా అంచు కళ్ళ మీదికి లాక్కున్నాడు.

దారితప్పే ఓడలకు ఎన్నడూ అస్తమించని చుక్క ఒకటి కావాలని వజ్రశృంగపు రాజు రణకేతుడు కోరాడు. తారాజువ్వలు ఎంత పెద్దవి చుట్టినా మబ్బును తాకకముందే బూడిదయ్యాయి. ఒకనాడు జొన్నచేలో పిట్టల మీదికి ఒడిసెల తిప్పే కాపరిని చూసి సారంగుడు అక్కడే నిలబడిపోయాడు. ఒడిసెల రాయికి నిప్పెందుకు, వేగం చాలదా అనుకున్నాడు. మెల్లగా విసిరిన రాయి దగ్గరలో పడుతుంది. గట్టిగా విసిరితే దూరాన పడుతుంది. అంతకన్నా గట్టిగా విసిరితే, నేల తన వంపులో తాను ఒదిగిపోతూ ఉంటుంది గనక, రాయి పడుతూనే ఉంటుంది గాని నేలను తాకదు. భూమిని చుట్టి వస్తూనే ఉంటుంది.

ఆ ఒక్క ఊహతో అతను కొండను తొలిపించాడు. కొండ కడుపులో గుండ్రటి గుహ, గుహలో కోటగోడంత చక్రం, చక్రాన్ని తిప్పడానికి జలపాతం. గాలి తగిలితే వేగం చస్తుందని గుహను లక్కతో మూయించి, తోలుతిత్తులతో లోపలి గాలినంతా తోడించాడు. దానికి గగనచక్రం అని పేరు పెట్టారు. వజ్రలోహంతో పోతపోసిన గోళాన్ని చక్రం అంచున బిగించి, వేగం నిండాక గోళాన్ని వదిలే మీటకొయ్య లాగితే చాలు, గోళం కొండశిఖరంలోని సొరంగం గుండా ఆకాశంలోకి దూసుకుపోతుంది.

ఆ రోజు వేగం నిండలేదు. గుహ బయటికి పొడుచుకొచ్చిన చక్రం అక్షం మీద చెయ్యిపెట్టి చూసి సారంగుడు ఆ సంగతి గ్రహించాడు. ఇంకొంచెంసేపు తిరగాలి. కానీ కొండ చుట్టూ జనసముద్రం, శంఖాలు, భేరీలు. ముహూర్తం దాటిపోతోందని రాజు చెయ్యి ఎత్తాడు. జనం సారంగుడి పేరు పెట్టి జేజేలు కొట్టారు. ఆ కేకల్లో తన పేరు విని అతని ఒళ్ళు పులకరించింది. కొయ్య లాగేశాడు.

గోళం లేచింది, ఎండలో తళుక్కుమంది, పడమటి కొండల వెనక్కి పోయింది. మళ్ళీ తూర్పున లేవలేదు.

కొన్నాళ్ళకు కనుమ దాటి వచ్చిన గొర్రెలకాపరి ఒకడు నీలాలకోన సంగతి చెప్పాడు. "పొరుగుదేశంలో గట్టు తెగితే మనకేం? రెండో చుక్క పోత అయింది గదా, చక్రానికి బిగించు," అన్నాడు రాజు. ఆ రాత్రికి రాత్రే సారంగుడు పారిపోయాడు. తాను లేకపోతే గగనచక్రం మూగపోతుందనుకున్నాడు. నీలాలకోనకు పోయి ఏం చెయ్యాలో మాత్రం అతనికి తెలియదు. చూడాలి అనుకున్నాడు, అంతే.

ఇప్పుడు చూశాడు.

"సానన్నా! ఓ సానన్నా! ఇటు రా!"

బురదలో మోకాలి లోతున నిలబడి ఒక యువతి పిలుస్తోంది. చీర కచ్చబిగించి కట్టింది. చేతిలో తుప్పుపట్టిన కొడవలి. సారంగుడు దిగివెళ్ళి సానచక్రం నిలబెట్టాడు.

"దీనికి పదును పెట్టు. తుంగ తెగడంలేదు," అందామె.

"తుంగ కోసి ఏం చేస్తావు తల్లీ?"

"మా అమ్మ కోసం ఎతుకుతన్నా." ఆమె మామూలుగానే చెప్పింది. "మా ఆయన దొరికాడు. పడవ కిందే ఉన్నాడు. అమ్మ రేవు దగ్గర గిన్నెలు తోముతా ఉండింది. తుంగలో ఇరుక్కుని ఉంటదని అందరూ అంటన్నారు. ఈ గట్టు కాడ నుంచి ఆ గట్టు దాకా కోసేశా. ఇంక ఆ మూల మిగిలింది."

సారంగుడు చక్రం తిప్పాడు. కొడవలి అంచున నిప్పురవ్వలు లేచాయి. వాటిని చూడలేక తల తిప్పుకున్నాడు. వేలు కోసుకుపోయింది. నెత్తురు రాయి మీద పడింది.

"అయ్యో, చూసుకోవాలి గదన్నా!" ఆమె చెంగు చింపి అతని వేలికి కట్టింది. "నా పేరు సంపెంగి. మా అయ్య పోలన్న, ఆనకట్ట తూముల కావలిదారు. నీకియ్యడానికి నా దగ్గరేం లేదు. ఇంత అంబలి ఉంది, తాగుతావా?"

ఆ చెయ్యి అతని వేలికి తగిలినచోట వాతపెట్టినట్టయింది. సారంగుడు వద్దని తల ఊపాడు. నిజం చెప్పేయాలని నోరు తెరిచాడు. సరిగ్గా అప్పుడే లోయలో డప్పు మోగింది.

"ఇనండహో! మహామాంత్రికుడు ఉల్ముకులవారి ఆనతి! చుక్కను కిందికి దించిన దొర మాటను కాదన్న పోలన్నకు పొద్దు గుంకే ఏళ గండిశిల మీంచి తోపుడు శిక్ష! అందరూ వచ్చి చూడాలహో!"

సంపెంగి గిరుక్కున గండివైపు తిరిగింది.

"మీ అయ్య ఏం చేశాడు?" అన్నాడు సారంగుడు.

"కళ్ళతో చూసింది చెప్పాడు, అంతే! చుక్క కూలిన నాడు మా అయ్య గట్టు మీదే ఉన్నాడు. అది నడినెత్తి మీంచి పడలేదు, తూరుపు కొండల అవతల నుంచి ఇసిరినట్టు వంపుగా వచ్చిందని చెప్పాడు. ఎవడో మనిషి చేసిన పనే ఇది అన్నాడు. ఉల్ముకుడేమో నా మంత్రంతో నేనే దించాను, మాట ఇనకపోతే ఇంకోటి దించుతాను అంటన్నాడు. మా దేశపు రాజు హడలిపోయి ఈ లోయంతా వాడి చేతుల్లో పెట్టేశాడు. మా అయ్య ఒక్కడే అబద్ధం అన్నాడు." ఆమె కొడవలి లాక్కుంది. "ఇసిరినోడు ఎక్కడో హాయిగా ఉన్నాడు. మా అయ్యకు చావు!"

ఆమె బురదలో పడుతూ లేస్తూ గండివైపు పరుగెత్తింది. సారంగుడు సానచక్రం అక్కడే వదిలేసి ఆమె వెంట పరుగెత్తాడు.

గండి పక్కన మిగిలిన రాతికట్టు మీద ఉల్ముకుడు దర్బారు తీరాడు. చుట్టూ చితికట్టెల్లాంటి నల్లటి స్తంభాలు, వాటిమీద పచ్చటి మంటలు. నడుమ పులితోలు పరిచిన పీట. పీట మీద ఉల్ముకుడు, చెవులకు ఎముకల కుండలాలు, జడలు కట్టిన జుట్టులో పాము కుబుసాలు, ఒడిలో బూడిద నిండిన వెండిభరిణె. అతని పక్కన ఎత్తైన దిమ్మె మీద పట్టుగుడ్డల నడుమ ఆ గోళం ఉంది. పొద్దు పడమటికి వాలుతున్న వేళ అది ఎర్రగా మెరుస్తోంది. దాని మీద చిన్న గీతకూడా పడలేదు. అంత గట్టిగా పోత పోసింది తానే.

గండి అంచున, ఒక బండ మీద, చేతులు వెనక్కి విరిచికట్టిన ముసలివాడు నిలబడి ఉన్నాడు. ఎండిన చెరకుగడలాంటి మనిషి. కళ్ళు మాత్రం చురుగ్గా ఉన్నాయి.

"పోలన్నా! ఆఖరుసారి అడుగుతున్నాను," అన్నాడు ఉల్ముకుడు. "చుక్కను దించింది ఎవరు?"

"తమరు మటుకు కాదు," అన్నాడు పోలన్న. "నాకు ఆయనెవరో తెలవదు. తెలిస్తే చెప్పనా?"

జనంలో ఏడుపులు. ఉల్ముకుడు చెయ్యి ఊపాడు. భటులు బల్లేలతో ముసలివాణ్ణి అంచుకు నెట్టారు.

"ఆగండి! విసిరింది నేను!"

తన నోటినుంచే ఆ కేక వచ్చిందని సారంగుడికి తెలిసేసరికి జనం పక్కకు తప్పుకుని దారి ఇచ్చేశారు. అతను పాగా విప్పి పారేశాడు. భటులు ఆగారు. ఉల్ముకుడు పకపకా నవ్వాడు.

"కత్తులు నూరుకునేవాడివి, చుక్కలు విసురుతావా? ఈ ముసలాడు నీకు ఏమవుతాడురా?"

"ఏమీ కాడు. ఆ గోళం నా చేతి పని. నేను పోతపోసిన వస్తువును నేనే విప్పి చూపిస్తాను. అది ఆకాశం నుంచి నువ్వు దించిన చుక్కయితే నా చేతికి విచ్చుకోదు కదా!"

"చూపించమను! చూపించమను!" అని జనం అరిచారు. ఉల్ముకుడు కాదనడానికి నోరు తెరిచేలోగా సారంగుడు దిమ్మె ఎక్కేశాడు.

గోళం మీద అరచేయి పెట్టాడు. బిగించిననాడు ముద్దుపెట్టుకున్న గోళం అది. దానికి కిందవైపు కంటికి ఆనని నొక్కు ఒకటి ఉంది. దాన్ని నొక్కి గోళాన్ని ఎడమకు తిప్పాడు.

కిర్రుమంటూ చుక్క విచ్చుకుంది.

ముందు ఒక రేకు, దాని వెనక మరో రేకు, చూస్తుండగానే తామరపూవు పూసినట్టు పలచటి అద్దపురేకులు వరసలు వరసలుగా విచ్చుకున్నాయి. ఒక్కో రేకు దంతపుపనిలా సన్నగా, వెన్నెలను పలకలుగా కోసి అమర్చినట్టుగా ఉంది. ఆకాశంలో విచ్చుకుని, ఎండను పట్టి, సముద్రం మీది ఓడలకు వెలుగు చూపించవలసిన రేకులవి. వాలే పొద్దు వాటిమీద పడింది. అంతే, రాతికట్టు మీద రెండో సూర్యుడు ఉదయించినట్టయింది. పచ్చమంటలు వెలవెలబోయాయి. భటులు బల్లేలు వదిలేసి కళ్ళు మూసుకున్నారు.

"మనిషి చేసిందేరా ఇది!" అని ఎవరో కేకపెట్టారు. "మంత్రం లేదు, మన్నూ లేదు!"

జనం గోడ కూలినట్టు ఉల్ముకుడి మీదికి విరుచుకుపడ్డారు. సగంమంది మాత్రం సారంగుడి వైపు తిరిగారు. చేతుల్లో రాళ్ళు లేచాయి. మొదటిరాయి అతని భుజానికి తగిలింది. అతను దిమ్మె మీంచి కదల్లేదు. చేతులు కూడా అడ్డం పెట్టుకోలేదు. ఈ లోయలోకి దిగినప్పట్నుంచీ మొదటిసారి అతనికి గుండె తేలికయింది.

సంపెంగి అప్పటికే తండ్రి కట్లు కొడవలితో కోసేసింది. ఇటు తిరిగి సారంగుణ్ణి చూసింది.

"నువ్వా!" అంది. "నువ్వు... నా చేత వేలికి కట్టు కట్టించుకున్నావే!"



"ఒరే అబ్బాయ్!" పోలన్న గొంతు రాళ్ళ చప్పుడు మీంచి ఖంగుమంది. "ఇట్టాంటిది ఇంకోటుందా?"

"ఉంది."

"నువ్వు లేకుండా ఇసరగలరా వాళ్ళు?"

"చక్రం తిప్పగలరు. వేగం నిండిందో లేదో మాత్రం వాళ్ళకు తెలియదు." ఆ మాట అంటుండగానే తాను పారిపోయి ఎంత పని చేశాడో సారంగుడికి అర్థమైంది. తాను లేకపోతే రెండోది విసరరనుకున్నాడు. తాను లేకుండా విసురుతారు, అది ఎక్కడ పడేదీ ఎవరికీ తెలియదు.

పోలన్న ఒక్క ఉదుటున దిమ్మె ఎక్కి, అతని రెక్కపట్టి కిందికి లాగాడు. "రాళ్ళు దించండ్రా! ఈణ్ణి చంపడం మనకు ఎప్పుడైనా చేతనవుద్ది. ముందు రెండోదాన్ని ఆపాలి!"

అంతలో ఉల్ముకుడు పులితోలు మీద లేచి నిలబడ్డాడు. ముఖాన నెత్తురు, కళ్ళలో ఆశ. "ఆ యంత్రగాణ్ణి ప్రాణాలతో పట్టండి! వాడు నాకు కావాలి! వాడి చేత నా మాట వినని నగరం మీదల్లా ఒక్కో చుక్క వేయిస్తాను!" వెండిభరిణెలోని బూడిద గుప్పిట నిండా తీసి గాల్లోకి విసిరాడు. బూడిద సుడి తిరిగింది, ముక్కులు మొలిచింది, రెక్కలు చాచింది. కళ్ళు మూసి తెరిచేంతలో బూడిదగద్దల దండు ఆకాశాన్ని కమ్మేసింది. వాటి గోళ్ళు తగిలినచోట చర్మం కాలింది.

"తూములోకి!" అన్నాడు పోలన్న.

ముగ్గురూ రాతికట్టు దిగి చీకటి తూములోకి దూకారు. వెనకే గద్దలు దూసుకొచ్చాయి. లోపల నడుము వంచితే గాని నడవలేని సొరంగం, కాళ్ళకింద నాచు. సంపెంగి ముందు, నడుమ సారంగుడు, వెనక పోలన్న. గద్దలు వీపులు గీరుతున్నాయి. సారంగుడు ఆగి పోలన్నకు అడ్డంగా తన వీపు పెట్టాడు. అంగరఖా కాలి, చర్మం కాలినా పళ్ళు బిగపట్టాడు.

"నీ త్యాగం సంగతి తర్వాత, నడువు!" అని పోలన్న అతన్ని ముందుకు నెట్టి, గోడలో నీటితలుపును తెరిచే ఇనుపచిలుకు పట్టుకున్నాడు. సరస్సు పోయినా, కొండఊట నీళ్ళు పైన తొట్టిలో నిలిచే ఉన్నాయి. ముసలివాడు చిలుకు మీద తన బరువంతా వేశాడు. అది కదల్లేదు. సారంగుడూ చెయ్యి వేశాడు. సంపెంగి వెనక్కి వచ్చి, అతని ముఖం చూడకుండా, తన చేతులూ వేసింది. తలుపు గిర్రున తిరిగింది.

నీళ్ళు కొండచిలువలా లేచి సొరంగాన్ని నింపాయి. తడిసిన గద్దలు బురదముద్దలై రాలిపోయాయి. వరద ముగ్గుర్నీ ఎత్తుకుని, రాళ్ళకేసి కొట్టుకుంటూ, కొండ అవతలివైపున ఏటిలోకి విసిరేసింది.

ఒడ్డుకు చేరినవాళ్ళలో మొదట లేచింది సంపెంగి. సారంగుడు మోకాళ్ళ మీద కూర్చుని నీళ్ళు కక్కుతున్నాడు.

"అమ్మాయ్..." అన్నాడు.

"మాట్టాడమాకు."

"నన్ను ఏమైనా చెయ్యి. నేను వద్దనను."

"వద్దనడానికి నువ్వెవరు?" ఆమె తడిచీర పిండుకుంటూ అంది. "నిన్ను చంపితే నీకు బాగానే ఉంటది. అక్కడ రాళ్ళు పడతా ఉంటే నీ మొహం చూశాగా, పండక్కి పిలిచినట్టు నిలబడ్డావు. నాకు మాత్రం ఆ మూల తుంగ ఇంకా కొయ్యడం మిగిలుంది. ఈ పని కాగానే దాన్ని నువ్వు కోస్తావు. నీ చేత్తో కోస్తావు. మా అమ్మ దొరికే దాకా కోస్తావు. ఆ తర్వాత సంగతి ఆ తర్వాత."

"కోస్తాను," అన్నాడు సారంగుడు. రాళ్ళ దెబ్బలకు తేలికపడిన గుండె మళ్ళీ బరువెక్కింది.

"దారి చెప్పు," అన్నాడు పోలన్న, కర్ర ఒకటి విరుచుకుంటూ.

కొండదారుల వెంట పగలంతా నడిచారు, రాత్రి దున్నపోతుల్లా నిలబడ్డ బండల చాటున పడుకున్నారు, తెల్లారక ముందే లేచారు. దారిలో ఒక లోయకు అడ్డంగా కట్టిన తీగవంతెన వాళ్ళు దాటీ దాటగానే తెగింది. ఉల్ముకుడు పంపిన బూడిదతోడేలు ఒకటి వెంట పడితే సారంగుడు దాన్ని జలపాతం కిందికి మరలించి కరిగించాడు. ఇంత జరిగినా సంపెంగి అతనితో ఒక్క మాట మాట్లాడలేదు. పోలన్న మాత్రం ఒకసారి అడిగాడు.

"వేగం చాలలేదని నీకు ముందే తెలుసా?"

అబద్ధం చెప్పే వీలుంది. ముసలివాడు నమ్ముతాడు కూడా.

"తెలుసు," అన్నాడు సారంగుడు.

పోలన్న తల తిప్పి అతన్ని చూశాడు. నడక మాత్రం ఆపలేదు. వెనక సంపెంగి అడుగుల చప్పుడు ఒక్క క్షణం ఆగి మళ్ళీ మొదలైంది.

వజ్రశృంగపు సరిహద్దు తోరణం కనబడేసరికి పొద్దు బారెడెక్కింది. తోరణం చూడగానే సారంగుడు చెట్టుచాటుకు తప్పుకున్నాడు. అక్కడ పండగలా ఉంది. అరటిబోదెలు, మామిడాకులు, పసుపుజెండాలు. స్తంభాల మీద వెండిరంగుతో చుక్కలు దిద్దారు. ఆడవాళ్ళు చుక్కల ముగ్గులు వేశారు. ఒక భాగవతార్ చిడతలు వాయిస్తూ, భూమిని చుట్టివస్తున్న చుక్క గురించి, దాన్ని విసిరిన సారంగుడి గురించి పాడుతున్నాడు.

"చుక్క తిరుగుతోందని చెప్పాడా మీ రాజు?" అన్నాడు పోలన్న, నమ్మలేక.

సారంగుడు మాట్లాడేలోపే వెనక గుర్రపుడెక్కలు వినిపించాయి. సరిహద్దు దళనాయకుడు కుంభకుడు రౌతులతో వచ్చి ముగ్గుర్నీ చుట్టుముట్టాడు. బల్లెం ఎత్తి, సారంగుడి ముఖం చూసి, గుర్రం మీంచి దూకేశాడు.

"ఆచార్యులవారు! అయ్యా, ఆచార్యులవారే!" కాళ్ళ మీద పడ్డాడు. "తమరు దూరదేశాలకు పోయి చుక్క దారిని కనిపెట్టి వస్తున్నారని మహారాజుగారు సెలవిచ్చారు. తమరు కనబడితే ఏనుగు మీద ఊరేగించి తీసుకురమ్మన్నారు. ఈ పూటే రెండో చుక్క! తమరు లేకపోయినా ముహూర్తం తప్పించేది లేదన్నారు. చక్రం నిన్నట్నుంచీ తిరుగుతోంది." అప్పుడు సంపెంగి చేతిలోని కొడవలి చూశాడు. కనుబొమలు ముడిపడ్డాయి. "వీళ్ళెవరు? మరాళదేశపు కట్టులా ఉంది. అటునుంచి వచ్చిన వాళ్ళెవర్నీ ప్రాణాలతో కనుమ దాటనివ్వొద్దని ఆజ్ఞ."

రౌతుల బల్లేలు పోలన్న గుండె మీదికి వంగాయి.

నిజం సారంగుడి నాలుక చివరిదాకా వచ్చింది. చుక్క ఆకాశంలో లేదు, వీళ్ళ ఊరిమీద పడింది. చెప్పేస్తే చాలు, తాను తేలికపడతాడు. కానీ రాజు ఆజ్ఞ తెలిసిన కుంభకుడు ఆ మాట వింటే ముగ్గుర్నీ ఇక్కడే పాతిపెడతాడు. ఈ పూటే ఎవడో కొయ్య లాగుతాడు. ఇంకో ఊళ్ళో ఇంకెవరో తుంగలో వెతుక్కుంటారు. గగనచక్రం దగ్గరికి చేరే దారి ఒక్కటే ఉంది. అది ఈ జేజేల మధ్యనుంచి పోతుంది.

"నా సేవకులు," అన్నాడు. ఆ మాటకు నోరు చేదయింది. "చుక్క దారిని కొలవడానికి నాతో వచ్చారు. ఆ కట్టు నేను కట్టించిన వేషమే. వదలండి."

"ఆజ్ఞ!" కుంభకుడు చప్పట్లు చరిచాడు. ఏనుగు వచ్చింది. మెళ్ళో గంటలు, కుంభస్థలం మీద వెండిచుక్క, వీపున జరీ అంబారీ. సారంగుడి కాలిన వీపు మీద పట్టుశాలువా కప్పారు. మెళ్ళో బంతిపూల దండలు, ఒకదాని మీద ఒకటి, గడ్డం దాకా. అతన్ని పైకెత్తి కూర్చోబెట్టారు.

జనం కట్టలు తెంచుకుని వచ్చారు. బెస్తవాళ్ళు వలలు చంకనపెట్టుకుని దండాలు పెట్టారు. ఒక అవ్వ ఏనుగు కాలి దగ్గరకు వచ్చి చెయ్యి ఎత్తింది. "బాబూ, నా కొడుకు సంద్రం మీదికి పోయాడు. నీ చుక్క చూసుకుంటా ఇంటికొస్తాడంట. నీ కడుపు చల్లగుండ!" సారంగుడు ఆమెకు నమస్కరించాడు. నమస్కరించక తప్పలేదు. ఆ చేతులు దించుకునే వీలు లేకుండా పక్కనుంచి మరొకరు దండం పెట్టారు.

ఏనుగు పక్కన, సేవకుల్లా, పోలన్నా సంపెంగీ నడుస్తున్నారు. కుంభకుడి భటుడొకడు సంపెంగి చేతికి పూలబుట్ట ఇచ్చాడు.

"ఏం పిల్లా, చూస్తావేం? మీ అయ్యగారి మీద చల్లు!"

సంపెంగి బుట్ట పట్టుకుని నిలబడింది. తల ఎత్తి సారంగుణ్ణి చూసింది. సారంగుడు ఆమెను చూశాడు. చల్లకపోతే భటుడికి అనుమానం వస్తుంది. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. చల్లమని తాను సైగ చెయ్యాలి. ఆమె తల్లిని బురదలో కప్పెట్టిన మనిషి మీద పూలు చల్లమని ఆమెకు తానే చెప్పాలి.

సారంగుడు కళ్ళతో చెప్పాడు.

ఆమె బుట్టలో చెయ్యి పెట్టి, గుప్పెడు పూలు తీసి, విసిరింది. అవి అతని ఒళ్ళో పడ్డాయి. తియ్యనూ లేడు, దులపనూ లేడు. జనం ఇంకా పెద్దగా జేజేలు కొట్టారు. దూరాన వజ్రశృంగం కొండ కడుపులోంచి తుమ్మెదల రొదలాంటి చప్పుడు చెవిన పడి, క్షణక్షణానికీ పెరుగుతూ, ఏనుగు గంటల్ని ముంచేసింది. ఆ రొద ఇంకా నిండు వేగానిది కాదు. సారంగుడు ముందుకు వంగి మావటి భుజం కుదిపాడు.

"పరుగెత్తించు," అన్నాడు మావటితో. "చక్రం వేగం నిండకుండానే వదిలేస్తారు. పరుగెత్తించు!"